పంచనామాలో ఐదో పేరు

పోయినవారం మనం నీలవేణిని నకళ్ల కిటికీ ముందు వరసలో నిలబెట్టి వచ్చేశాం. మొదటినుంచీ చదువుతున్నవారికి గుర్తుండే ఉంటుంది. కొత్తగా వచ్చినవారికి రెండు ముక్కల్లో చెబుతాను.

బిలాస్‌పూర్ రైల్వే క్వార్టర్లు దాటి, లెవెల్ క్రాసింగు దాటి, ఇంకో మూడు మైళ్లు పోతే మహువాడీహ్. అక్కడ పదిహేడు ఇళ్లున్నాయి. చుట్టుపక్కల వాళ్లు ఆంధ్రా పారా, అంటే ఆంధ్రావాళ్ల పేట, అంటారు. బొబ్బిలి, పలాస, పార్వతీపురం వైపు నుంచి రైల్లో ఉద్యోగాలకొచ్చిన కుటుంబాలవి. రిటైరయ్యాక క్వార్టరు మనది కాదు కదా, అందుకని ముప్పై ఏళ్ల కిందట ధనీరామ్ సాహు అనే రైతు దగ్గర పొలం కొని, ఒకరి తర్వాత ఒకరు కట్టుకున్నారు. రిజిస్ట్రీ ఉంది. సర్కారు ఇచ్చిన భూమి పుస్తకం ఉంది. ఆ పుస్తకంలో పేరు పక్కన 'భూమిస్వామి' అని రాసి ఉంటుంది. మనవైపు భూస్వామి అంటే మేడలూ పాలేర్లూ గుర్తొస్తాయి. ఇక్కడ రెండు గదుల రేకుల ఇంటికీ అదే మాట. దసరా వెళ్లిన వారానికి ఆ పదిహేడు గుమ్మాలకీ ఒక్కో కాగితం అంటించిపోయారు. మీరున్నది సర్కారు పచ్చికబయలు, మీరు ఆక్రమణదారులు, ట్రక్కుల టెర్మినల్‌కి ఆ జాగా కావాలి, ఖాళీ చెయ్యండి అని.

నీలవేణి భర్త చిన్నారావుది లోకో షెడ్డులో పని. నీలవేణికి తహసీల్దారు కచేరీ ఆవరణలో రేకుల పంచన ఒక బల్ల, కంప్యూటరు, ప్రింటరు. పందొమ్మిదేళ్లుగా లోకులందరి అర్జీలూ హిందీలో టైపు చేసి పెడుతోంది. తన అర్జీ తనే టైపు చేసుకునే రోజొస్తుందని అనుకోలేదు. మార్చి నెలలో భూమి కొలిచామనీ, ఆ కొలతలో ఆక్రమణ బయటపడిందనీ నోటీసులో ఉంది. ఆ కొలత పారాలో ఒక్కరూ చూడలేదు. ఆ రోజు రాసిన పంచనామా నకలు కోసమే ఆమె ఆ కిటికీ ముందు నిలబడింది. విచారణ కూడా ఆ పూటే.

పక్కన త్రినాథరావు ఉన్నాడు. చిన్నారావుకి మేనమామ. గూడ్సు గార్డుగా రిటైరైన మనిషి, డెబ్బై నాలుగేళ్లు. పారాకి పెద్ద. ఆయన ఇల్లు పదిహేడింటికీ కొంచెం ఎడంగా, కాలిబాటకి అవతల ఉంటుంది. దానికి నోటీసు రాలేదు. రాకపోయినా ఇంటింటికీ తిరిగి కాగితాలు పోగుచేసింది ఆయనే, అందరినీ ఒకచోట కూర్చోబెట్టి ధైర్యం చెప్పింది ఆయనే. "మావయ్యకేటి అవసరం సెప్పు? మన కోసం కాదేటి ఈ తిరుగుడు?" అని చిన్నారావు ఎన్నిసార్లన్నాడో. నీలవేణి కూడా అంతే అనుకునేది.

*

నకలు చేతికొచ్చేసరికి లోపలి నుంచి పేరు పిలిచారు. చదివే వ్యవధి లేదు. తేదీ మాత్రం చూసింది. మార్చి పద్నాలుగు. ఆ తేదీ ఆమెకు బాగా గుర్తు. పారాలో ఒక పెళ్లి. ప్రతి ఇంటి మనిషీ ఆ పూట పందిట్లోనే ఉన్నాడు. పెళ్లి ఫొటోలు ఫోన్లో ఉన్నాయి. కొలత గొలుసు పట్టుకుని సర్కారు మనుషులొస్తే కనబడకుండా పోతారా!

"దొరికిపోయారు మావయ్యా," అంది మెల్లగా, గుమ్మం దాటుతూ. "ఆ రోజు ఎవులూ కొలవనేదు. అంతా ఆఫీసులో కూకుని రాసినారు."

త్రినాథరావు కండువాతో మొహం తుడుచుకున్నాడు.

నాయబ్ తహసీల్దారు చిన్న వయసు ఆవిడ. వచ్చి మూడు నెలలు కాలేదు. బల్లమీద ఫైళ్ల గుట్టల మధ్య ఆవిడ మొహం ఒక్కటే కనిపిస్తోంది. గోడ పక్కన పటవారీ లఖన్‌లాల్ నిలబడి కళ్లద్దాలు తుడుచుకుంటున్నాడు. ఆంధ్రా పారా భూమి లెక్కలన్నీ అతని పుస్తకంలోనే ఉంటాయి.

వకీలును పెట్టుకోలేదు నీలవేణి. వకీళ్లు చెప్పే మాటలన్నీ టైపు చేసిన వేళ్లు అవి. పారా తరఫున హిందీలో తనే చెప్పింది. కొలత జరగలేదని చెప్పింది. ఫొటోలు చూపించింది. పక్క భూమివాళ్లకు ముందు కబురు చెయ్యకుండా కొలిస్తే అది కొలతే కాదని చెప్పింది.

ఆవిడ శ్రద్ధగానే విన్నది. తర్వాత ఫైలు తిరగేసింది.

"పంచనామాలో మీ కాలనీవాళ్లు ఒప్పుకున్నట్టు ఉందే? ఇళ్లు ప్రభుత్వ భూమిలో ఉన్నాయని, కొలత తమ కళ్లముందే జరిగిందని."

"మా కాలనీవాళ్లెవరూ ఒప్పుకోలేదు మేడమ్."

"ఐదు సంతకాలున్నాయి. నలుగురు పక్క ఊరివాళ్లు, అచ్ఛా, వాళ్ల సంగతి వదిలెయ్యండి. ఐదో పేరు మీవాళ్లదే కదా?"

నీలవేణి నకలు రెండో పేజీ తిప్పింది. నాలుగు పేర్లు చదివింది. ఎవరో ఏమో. ఐదోది ఇంగ్లీషులో ఉంది. టి అక్షరం మీద అడ్డగీత పేరు చివరిదాకా సాగి, కింద మళ్లీ ఒక గీత, ఆ గీత కింద రెండు చుక్కలు. పారా సమావేశాల పుస్తకంలో ప్రతి పేజీ అడుగునా ఉండే సంతకం. గుడి చందా రసీదుల మీద ఉండే సంతకం. నీలవేణి పెళ్లి శుభలేఖ మీద 'ఆహ్వానించువారు' కింద అచ్చయిన పేరు కూడా అదే.

మొదట ఆమెకు అనుమానం రాలేదు. కోపం వచ్చింది.

"ఇది దొంగ సంతకం మేడమ్! ఈయనే మా పెద్ద. ఇక్కడే ఉన్నారు, అడగండి. మావయ్యా, సెప్పండి. మీ సంతకం ఎవులో గీసేసినారు."

త్రినాథరావు లేచి నిలబడ్డాడు. నిలబడి, బల్ల వైపు చూశాడు, నీలవేణి వైపు చూడలేదు.

"ఇది మీ సంతకమేనా?" అని ఆవిడ అడిగింది.

గోడ దగ్గర లఖన్‌లాల్ కళ్లద్దాలు పెట్టుకున్నాడు.

"జీ," అన్నాడు త్రినాథరావు. "నాదే."

ఆ గదిలో మిగతావాళ్లకి అది ఒక చిన్న మాట. గుమాస్తా ఒకడు టీ తాగుతూనే ఉన్నాడు. నీలవేణికి మాత్రం చేతిలో కాగితం బరువు తెలియకుండా పోయింది. ఒక్క క్షణం తను ఏ ఊళ్లో ఉందో, ఎవరి తరఫున వచ్చిందో తోచలేదు. తర్వాత, వెనక బయట వరండాలో కూర్చున్న పారా ఆడవాళ్లు గుర్తొచ్చారు. అప్పలనర్సమ్మ మోకాళ్ల నొప్పితో ఆటోలో వచ్చి కూర్చుంది. ఇప్పుడు ఏడిస్తే ఈ వాయిదా పోతుంది.

నకలు బల్ల మీద పెట్టింది.

"మేడమ్, సంతకం ఆయనదే కానివ్వండి. ఆయన సంతకం పెడితే నా ఇల్లు సర్కారుది ఎలా అవుతుంది? ఆయన నా ఇంటికి యజమాని కాదు. రిజిస్ట్రీలో ఆయన పేరు లేదు. మా భూమి పుస్తకాన్ని ఇచ్చింది మీ ఆఫీసే. అందులో మా అత్తగారి పేరుంది, పక్కన భూమిస్వామి అని మీ ముద్రతోనే ఉంది. ముప్పై ఏళ్లు భూమిస్వాములం. ఒక కాగితంతో ఆక్రమణదారులమయ్యామా?"

"ప్రజోపయోగం కోసం..."

"కావాలంటే తీసుకోండి మేడమ్, సర్కారు తీసుకోకూడదని నేననను. తీసుకోవడానికి చట్టం ఉంది. ముందు ప్రకటన వెయ్యాలి. మా అభ్యంతరాలు వినాలి. మేం ఎక్కడికి పోతామో చూడాలి. ఇన్ని చెయ్యాలంటే ముందు మమ్మల్ని యజమానులని ఒప్పుకోవాలి. ఆక్రమణదారుడంటే అవేవీ అక్కర్లేదు, వారంలో యంత్రం తోలుకు రావచ్చు. అందుకే కదా మాకీ పేరు పెట్టింది?"

గుమాస్తా టీ గ్లాసు కింద పెట్టాడు. ఆవిడ చెడ్డమనిషి కాదు. ముందే సిద్ధం చేసిన ఫైలు మీద సంతకానికి వచ్చి కూర్చున్న మనిషి, అంతే.

"మీరు చెప్పింది రాయిస్తాను," అంది చివరికి. "కానీ కొలత జరగలేదని మీరంటే సరిపోదు. జరిగిందని మీ మనిషే సంతకం పెట్టాడు. ఆ మనిషే ప్రమాణపత్రం మీద కాదని చెప్పాలి. చెబితే ఈ పంచనామా పక్కనపెట్టి, అందరి ఎదుటా మళ్లీ కొలిపిస్తాను. శుక్రవారం లోపల తెండి. లేకపోతే ఖాళీ చేయించే ఆర్డరు మీద సంతకం పెట్టక నాకు తప్పదు."

ఆ రోజు మంగళవారం.

*

వరండాలో అప్పలనర్సమ్మ లేచి, "ఏటయ్యిందే వేణీ? ఏటన్నాది ఆ పిల్ల?" అని అడిగింది. నీలవేణి ఏమని చెబుతుంది? శుక్రవారందాకా గడువిచ్చారని మాత్రం చెప్పి, అందరినీ ఆటోలెక్కించింది. త్రినాథరావు అప్పటికే గేటు దాటి ఒక్కడూ నడిచి వెళ్లిపోతున్నాడు. ఎనిమిది గంటల డ్యూటీ చేసి దిగిన మనిషిలా, వెనక్కి చూడకుండా.

మహువాడీహ్ చేరేసరికి మిట్టమధ్యాహ్నం. నీలవేణి తన ఇంటికి పోలేదు. తిన్నగా కాలిబాట దాటి మావయ్య ఇంటికే వెళ్లింది. అత్త సౌభాగ్య పెరట్లో వడియాలు ఎత్తుతోంది. త్రినాథరావు దారిలో ఏ ఆటో ఎక్కాడో, అప్పటికే వచ్చి చెప్పులు కూడా విప్పకుండా నులకమంచం మీద కూర్చున్నాడు.

"ఎందుకు సేసినారు?" అంది నీలవేణి.

"కూకో అమ్మీ."

"కూకోను. ఎందుకు సేసినారో సెప్పండి."

"బలవంతం సేసినాడు. లఖన్‌లాల్‌గాడు."

"బలవంతమేటి? మీరు గార్డు ఉద్యోగం సేసినోరు. ఎదురుగా ఏ బండి వస్తన్నాదో తెలీకండా జెండా ఊపినారేటి ఎప్పుడైనా? ఆ కాగితంలో ఏటి రాసున్నాదో సదివే పెట్టినారు కదా?"

"సదివే పెట్టినాను."

అబద్ధం చెబుతాడనుకుంది. చెప్పి ఉంటే బాగుండేది. సౌభాగ్య వడియాల చేట పట్టుకుని గుమ్మం దగ్గరికొచ్చి నిలబడింది.

త్రినాథరావు చెప్పులు విప్పి మంచం కిందకి తోశాడు. అప్పుడు చెప్పాడు.

ఆ పదిహేడు ఇళ్లూ ధనీరామ్ అమ్మిన పొలంలోవి. త్రినాథరావు కొనడానికి వెళ్లేసరికి ఆ పొలం అయిపోయింది. ఆనుకుని ఒక పొలం చెక్క ఉంది. అది ధనీరామ్‌ది కాదు, ఇత్వారిన్ బాయి అనే గోండు వితంతువుది. ఆదివాసీ భూమి, ఆదివాసీ కానివాడు కలెక్టరు అనుమతి లేకుండా కొనకూడదు. అనుమతి రాదని అందరికీ తెలుసు. ధనీరామే దారి చెప్పాడు. రిజిస్ట్రీలో ఆమె కులం పేరు మార్చి రాయించారు. ఆమెకు చదువు రాదు, వేలిముద్ర వేసింది.

"అందరూ అలగే సేసీవోరు ఆ రోజుల్లో," అన్నాడు. "నానొక్కన్నేటి?"

"తరవాత?"

"తరవాతేటి, ముప్పై యేళ్లు ఎవులూ అడగనేదు. మార్చిలో లఖన్‌లాల్ వొచ్చినాడు. నీ పుస్తకం తీసినాను గార్డు సాబ్, ఆ ముసల్ది బతికే ఉన్నాది, నాను ఒక్క కాగితం కదిపితే నీ ఇల్లు దానికి పోద్ది అన్నాడు. పంచనామా మీద సంతకం పెట్టు, నీ పుస్తకం మూసేస్తాను, నీ ఇల్లు టెర్మినల్ గీత లోపలికి రాకండా సూస్తాను అన్నాడు. పెట్టినాను."

"పదిహేడు ఇళ్లు మావయ్యా!"

"వాళ్లకి కాగితాలున్నాయి కదమ్మా. కోర్టుకెల్తారు, గెలుస్తారు, లేపోతే ఎక్కడో ఇంత జాగా ఇస్తారు అనుకున్నాను. నాకేటున్నాది? నాది తీస్తే అడిగీ హక్కు కూడా లేదు. డెబ్బై నాలుగేళ్లొచ్చి ఎక్కడికెల్తాను నాను?"

"అప్పలనర్సమ్మ పిన్నికి డెబ్బై ఎనిమిది," అంది నీలవేణి. "అదెక్కడికెల్తాది?"

ఆయన చూపు మంచం కింది చెప్పుల మీదికి పోయింది.

"అంటే నెలరోజులై ఇంటింటికీ తిరిగి కాగితాలు పట్టుకెళ్లినావు సూడు, అవి లఖన్‌లాల్‌కి సూపించడానికా?"

'మీరు' పోయి 'నువ్వు' వచ్చిందని ఇద్దరికీ తెలిసింది. కాపురానికొచ్చి ఇరవై రెండేళ్లలో ఆయన్ని ఆమె అలా పిలవలేదు.

"లేదమ్మా, ఒట్టు. అది నిజంగానే తిరిగినాను. ఏదో ఒకటి సేసి మీ ఇళ్లు నిలబెడితే, నాను సేసింది ఎవులికీ తెలీకండా పోద్దనుకున్నాను."

అది నిజమే అయ్యుండాలి. నిజమైనా నీలవేణికి జాలి కలగలేదు. జాలి పడవలసిన చోట చేదు పేరుకుంది. ఈ మనిషి ముందు పారా అంతా చేతులు కట్టుకుని నిలబడింది. ఆడపిల్లల సంబంధాలు ఈయన్ని అడిగే ఖాయం చేశారు. చిన్నారావుకి తండ్రి పోతే అన్నీ తానై జరిపించింది ఈయనే. అదంతా అబద్ధం కాదు. అదంతా నిజమై ఉండి, దాని కిందే ఇదీ నిజం కావడం ఎలా మింగడం?

"రేపు కాయితం టైపు సేస్తాను," అంది. "కొలత జరగలేదని, లఖన్‌లాల్ బెదిరించి పెట్టించినాడని. వొచ్చి సంతకం పెట్టు."

"పెడితే ఇల్లు పోద్ది."

"పెట్టకపోతే పదిహేడు పోతాయి."

"నాను పెట్టను అమ్మీ. పెట్టలేను. నన్ను సంపీమన్నా పెట్టలేను."

అంతసేపూ మాట్లాడని సౌభాగ్య అప్పుడు చేట కింద పెట్టింది.

"ఇత్వారిన్ బాయి అంటే, బుధవారీ బజార్‌లో ఎర్ర తోటకూర అమ్ముద్ది, ఆ ముసలమ్మేనా?"

త్రినాథరావు అవునన్నట్టు తల ఊపాడు.

"అందుకేనా నువ్వు ఆ వరసలోకి ఎప్పుడూ రావు? నాను కూరలు బేరమాడుతుంటే రోడ్డు మీదే నిలబడిపోతావు, కాళ్లు నొప్పులంటావు. ముప్పై యేళ్లై ఆవిడ దగ్గర కూర కొంటన్నాను నాను. కూతుర్ని పిలిసినట్టు నోనీ నోనీ అని పిలిసి ఒక కట్ట ఎక్కువేసుద్ది. ఆవిడ నేల మీద వండి నీకు పెట్టినానన్నమాట, ఆవిడ దగ్గర కొన్న కూరే."

"సౌభాగ్యం, నువ్వూరుకో..."

"ఊరుకున్నాను కదా ఇన్నాళ్లూ, నాకు తెలీక. ఇప్పుడు తెలిసి ఎలా ఊరుకుంటాను?" ఆవిడ గొంతు పెంచలేదు. "ఆవిడది ఆవిడకి ఇచ్చీ. ఇచ్చీసినాక ఆ లఖన్‌లాల్ చేతిలో ఏటుంటాది నిన్ను పట్టుకోడానికి? నాను పార్వతీపురంలో మా తమ్ముడి వసారాలో ఉంటాను. నువ్వు రావాలనుంటే రా, నేకపోతే మానీ."

నీలవేణి ఇక అక్కడ ఉండలేకపోయింది. బయటికొచ్చేసరికి కాలిబాటకి ఇవతల పదిహేడు ఇళ్లూ ఎండలో వరసగా కనిపించాయి. ఎవరి ఇంట్లోనో చేపల పులుసు పెడుతున్నారు. అంతా మామూలుగానే ఉంది. చిన్నారావుకి ఫోన్ చేసి చెప్పింది. అటు షెడ్డులో ఇంజన్ల చప్పుడు వినిపించింది. "నానొచ్చీదాకా ఎవులికీ సెప్పకు," అన్నాడు చివరికి. "మావయ్యని కొట్టేస్తారు."

*

బుధవారం త్రినాథరావు రాలేదు. నీలవేణి ప్రమాణపత్రం టైపు చేసి పెట్టుకుని, వచ్చిన ప్రతి మనిషినీ ఆయనే అనుకుని తల ఎత్తింది. లఖన్‌లాల్ ఒకసారి అటు నుంచి వెళ్తూ ఆగి, నవ్వి, "ఎండ బాగా ఉంది, కొంచెం నిమ్మరసం తాగండి అక్కా," అని పోయాడు.

గురువారం పన్నెండున్నరకి రేకుల పంచన ముందు ఒక ఆటో ఆగింది. ముందు సౌభాగ్య దిగింది. తర్వాత త్రినాథరావు. రెండు రోజుల గడ్డం, ఇస్త్రీ లేని చొక్కా. చివర ఒక ముసలమ్మ దిగింది. సన్నటి మనిషి, మోచేతి దాకా పచ్చబొట్లు, మోకాళ్ల కిందికి రాని నేత చీర.

"ఇత్వారిన్ బాయి," అంది సౌభాగ్య. "నిన్ననే బజార్‌కెళ్లి అంతా సెప్పినాను. మీ మావయ్య చేత కూడా సెప్పించినాను, ఆవిడ ముందర కూకోబెట్టి."

నిన్నటి ప్రమాణపత్రం చివర భూమి అప్పగింత మాట కూడా చేర్చి, నీలవేణి మళ్లీ అచ్చు తీసింది. కాగితం బల్ల మీద పెట్టింది. త్రినాథరావు అద్దాలు పెట్టుకుని, ఒక్కో పంక్తీ చదివాడు. మార్చి పద్నాలుగున కొలత జరగలేదు. నేను అక్కడ లేను. పటవారీ నా సొంత ఇంటి విషయం చూపి బెదిరించి సంతకం పెట్టించాడు. నా ఇల్లున్న భూమి ఇత్వారిన్ బాయిది, అక్రమంగా కొన్నాను, తిరిగి అప్పగించడానికి ఒప్పుకుంటున్నాను. చివరి వాక్యం దగ్గర ఆగాడు.

"అక్రమంగా అనీ మాట ఉండాలా అమ్మీ?"

"ఉండాలి."

సంతకం పెట్టాడు. టి మీద గీత, కింద గీత, రెండు చుక్కలు. నోటరీ ముద్ర వేశాడు. నీలవేణి ఆ కాగితాన్ని పట్టుకుని మేడమ్ గది దాకా దాదాపు పరుగెత్తింది. ఆవిడ చదివి, మళ్లీ చదివి, పంచనామా మీద ఎర్ర సిరాతో ఏదో రాసి, లఖన్‌లాల్‌ని పిలవమంది. ఆర్డరు ఆగింది. కొత్త కొలత సోమవారం, అందరి ఎదుటా. నీలవేణి వరండాలోకొచ్చి గోడకి ఆనుకుంది. అప్పలనర్సమ్మకి ఫోన్ చేసి చెబితే అటువైపు ఆమె ఏడ్చింది. నెల తర్వాత మొదటిసారి నీలవేణికి ఆకలేసింది.

తిరిగి పంచకి వచ్చేసరికి ఆటో వెళ్లిపోలేదు. సౌభాగ్య, త్రినాథరావు చెరో పక్క నిలబడి ఉన్నారు. ఇత్వారిన్ బాయి మాత్రం నీలవేణి బల్ల ముందున్న స్టూలు మీద, అర్జీ రాయించుకునేవాళ్లు కూర్చునేచోట కూర్చుని ఉంది.

"నాదీ ఒకటి టైపు చెయ్యి నోనీ," అంది ఛత్తీస్‌గఢీలో.

"మీ భూమి మీకు ఇచ్చేస్తున్నట్టు ఆ కాగితంలో రాశాం కదా బాయీ?"

"అది ఈయన కొన్న ముక్క. అది కాదు." ముసలమ్మ మాటలు తడుముకోలేదు. ఎన్నో ఏళ్లుగా మనసులో వరస పెట్టుకున్న మాటల్లా వచ్చాయి. "పెద్ద కరువు వచ్చిన ఏడు మా అత్తమామలు అస్సాం తేయాకు తోటలకి పోయారు. మూడేళ్లకి తిరిగొచ్చేసరికి మా పెద్ద పొలంలో ధనీరామ్ తండ్రి అరక కట్టి ఉన్నాడు. ఇదేమిటంటే, పటవారీ పుస్తకంలో పేరు నాదే, మీరు ఖాళీ చెయ్యండి అన్నాడు. చివరనున్న చిన్న చెక్క ఒక్కటీ వదిలాడు. దాన్నే తర్వాత నా చేత ఈయనకి అమ్మించాడు ధనీరామ్. పెద్ద పొలం ముక్కలు చేసి మీ వాళ్లకి అమ్మాడు."

నీలవేణి కుర్చీ కొంచెం వెనక్కి జరుపుకుంది.

"మామగారు చచ్చేదాకా కచేరీ చుట్టూ తిరిగాడు. రాసిపెట్టేవాడు దొరకలేదు. దొరికిన వాడు ధనీరామ్ మనిషి అయ్యేవాడు." ఆమె నడుం దగ్గర ముడి విప్పి, ప్లాస్టిక్ సంచీలో చుట్టిన ఒక కాగితం బల్ల మీద పెట్టింది. మడతల దగ్గర చిరిగి, అంచులు తేనెరంగుకి తిరిగిన పాత సర్కారు కాగితం. "ఇది ఆయన దాచింది. పెద్ద పొలం మా మామ పేరనే ఉందని ఇందులో రాసి ఉంది. సోమవారం అందరి ఎదుటా కొలుస్తారట కదా? నేనూ వచ్చి నిలబడతాను. దానికి ముందు అర్జీ ఉండాలని ఈ నోటరీ బాబు చెప్పాడు."

త్రినాథరావు నోరు తెరిచాడు. సౌభాగ్య ఆయన చెయ్యి పట్టుకుని ఆపింది.

"బాయీ," అంది నీలవేణి, "మేమెక్కడుంటామో మీకు తెలుసా?"

"తెలుసు నోనీ. నీ ఇల్లు వరసలో నాలుగోది. గుమ్మం ముందు కరివేపాకు చెట్టుంది." ముసలమ్మ కళ్లలో పగ లేదు, మొహమాటమూ లేదు. "ఈ కచేరీలో చెప్పింది చెప్పినట్టు రాసేదానివి నువ్వొక్కదానివేనని అందరూ అన్నారు. అందుకే నీ దగ్గరికొచ్చాను. వేరేవాళ్ల దగ్గరికి పొమ్మంటే పోతాను."

నీలవేణి కంప్యూటరు తెర వైపు చూసింది. కొత్త పేజీ, ఖాళీగా ఉంది.

"ఎవరి మీద రాయాలి?" అని అడిగింది. ఆ మాట ఎలా వచ్చిందో ఆమెకే తెలియదు.

"అక్కడున్న పదిహేడు ఇళ్ల మీదా. పేర్లు నాకు తెలియవు, నీకు తెలుసు." ఇత్వారిన్ బాయి స్టూలు మీద కొంచెం ముందుకు జరిగింది. "మొదట నీ పేరు రాయి నోనీ. తర్వాత మిగతావి రాద్దువు గాని."